ప్రొఫెసర్ గారు కొట్టేసిన మాట

నేను ఉద్యోగం నుంచి తప్పుకోవడానికి రెండేళ్ల ముందు, జూన్ నెలలో ఒక సోమవారం, ఫిల్మ్‌నగర్‌లోని మా స్టూడియోకి ఒక కోర్టు కథ డబ్బింగ్ పనికి వచ్చింది. ఇన్‌ఛార్జిగా నా పేరు వేశారు. నెల రోజుల్లో మాటల పని ముగించి సినిమాను మిక్సింగుకు అప్పగించాలన్నది ఒప్పందం.

డబ్బింగ్ ఇన్‌ఛార్జి ఏం చేస్తారని నన్ను చాలామంది అడిగారు. షూటింగ్ జరిగేటప్పుడు రికార్డయ్యే శబ్దాన్ని మేము పైలట్ ట్రాక్ అంటాం. అందులో నటుల మాటలతో పాటు జనరేటరు మోత, ఎవరిదో దగ్గు, దూరంగా పోయే లారీ హారన్ కూడా ఉంటాయి. అందుకే చాలా సినిమాల్లో మాటలన్నీ స్టూడియోలో మళ్లీ చెప్పిస్తారు. తెర మీద పెదవులు కదులుతుంటే, ఆ నటే గానీ ఆమె బదులు మరొకరు గానీ మైకు ముందు నిలబడి ఆ కదలికకు అతికేలా పలకాలి. ఏ ముఖానికి ఏ గొంతు నప్పుతుందో చూడటం, వాళ్లను పిలిపించడం, డైలాగు కాగితాలు పట్టుకుని కూర్చుని ప్రతి అక్షరం సరిగ్గా పడిందా లేదా అని వినడం ఇన్‌ఛార్జి పని. హోదా ప్రకారం దర్శకుడి కింద, సౌండ్ ఇంజనీరు పక్కన మా కుర్చీ.

మాది తెనాలి. నాన్నగారు మిషన్ స్కూల్లో తెలుగు మాస్టారు. ఆదివారం చర్చిలో వాక్యం చదివేది కూడా ఆయనే. శ, ష, స లలో ఏది తప్పినా భోజనాల దగ్గర సైతం ఆపి మళ్లీ పలికించేవారు. ఆ నాలుక పట్టుకునే నేను హైదరాబాదు వచ్చాను, దానితోనే బతికాను. ముప్పై ఏళ్ల పాటు ఎందరి గొంతులనో 'సరిచేశాను'. ఆ మాటే వాడేదాన్ని, దాన్ని గురించి ఎన్నడూ ఆలోచించలేదు.

సినిమా దర్శకుడు శ్రీకర్. జనగామ వైపు కుర్రాడు, అది అతని రెండో సినిమా. కథలో నగర శివారున కడుతున్న ఒక భవనం గోడ కూలి మల్లేశం అనే కూలీ చనిపోతాడు. అతని భార్య కోర్టులో సాక్ష్యం చెబుతుంది. నాలుగు నిమిషాల ఆ సాక్ష్యం మీదే సినిమా అంతా నిలబడి ఉంది. ఆ వేషం వేసినామె పేరు బాలమణి. సిద్దిపేట దగ్గర పల్లె. కృష్ణానగర్‌లో ఒక గది కిరాయికి తీసుకుని ఉండేది. పన్నెండేళ్లుగా జూనియర్ ఆర్టిస్టు: పెళ్లి సీన్లలో చుట్టం, ఆసుపత్రి సీన్లలో రోగి. అప్పటిదాకా తెర మీద ఒక్క మాటా మాట్లాడి ఎరగదు. శ్రీకర్ ఆమె ముఖం చూసి తీసుకున్నాడు. గొంతు మాత్రం వేరే వాళ్లది పెట్టాలని షూటింగుకు ముందే తీర్మానించారు. మా రంగంలో అది మామూలు సంగతి.

మామూలు కానిది ఒకటుంది. ఈ సినిమా నిర్మాత అంతకు ముందు తీసిన సినిమాలో తెలంగాణ మాటను ఎగతాళి చేశారని గొడవ జరిగింది. ఈసారి అటువంటిది రాకుండా ఆయన ఒక భాషా సలహాదారును పెట్టుకున్నారు. ఆవిడే ప్రొఫెసర్ లక్ష్మీనర్సమ్మ గారు. విశ్వవిద్యాలయంలో భాషాశాస్త్రం చెప్పి రిటైరయ్యారు. భాష గురించి, మనిషి తన మాటతో తనను తాను ఎలా గుర్తుపట్టుకుంటాడన్న దాని గురించి, సమాజం ఏ మాటకు ఎంత మర్యాద ఇస్తుందన్న దాని గురించి నలభై ఏళ్లుగా వ్యాసాలు రాస్తున్నారు. ఆవిడ పేరు టైటిల్స్‌లో పడితే ఇక ఎవరూ వేలెత్తి చూపరని నిర్మాతగారి ఆలోచన. వ్యాసాలు ఆయన చదవలేదు. నేనూ చదవలేదు.

మొదటి సమావేశం జూబ్లీహిల్స్‌లోని నిర్మాత ఆఫీసులో. ప్రొఫెసర్ గారు ఆటో దిగి, భుజాన గుడ్డ సంచీతో వచ్చారు. ఏదో నాలుగు మాటలు చెప్పి, కాఫీ తాగి వెళతారనుకున్నాం. ఆవిడ స్క్రిప్టు మొత్తం రెండుసార్లు చదివి, ఏ పాత్ర ఎలా మాట్లాడుతుందో ఒక పట్టిక రాసి తెచ్చారు. జడ్జి, లాయర్లు, డాక్టరు, ఇన్‌స్పెక్టరు ఒక వరసలో ఉన్నారు. వాళ్లందరిదీ పుస్తకాల తెలుగు. కూలీలు, వాచ్‌మన్, తాగుబోతు, సాక్ష్యం చెప్పే ఆడమనిషి ఇంకో వరసలో ఉన్నారు. వాళ్లది తెలంగాణ మాట.

"జడ్జిగారిది ఏ ఊరు సార్?" అని శ్రీకర్‌ను అడిగారు.

"ఊరంటూ ఏమీ అనుకోలేదు మేడం. జడ్జి, అంతే."

"ఊరు లేని మనిషి ఉంటడా? కూలోళ్లకు ఊర్లు రాసిన్రు, వాచ్‌మన్‌కు రాసిన్రు. జడ్జికి, డాక్టర్‌కు ఎందుకు రాయలే?"

గొంతులో కోపం లేదు. నిజంగా తెలుసుకుందామని అడిగినట్టే ఉంది. అయినా నాకు చిరాకు వేసింది. ఈవిడ ఇలా ప్రతిదానికీ ప్రశ్న వేస్తే నెల రోజుల్లో పని తెమలదని లోపల అనుకున్నాను. వెళ్లేటప్పుడు ఆవిడ నా దగ్గరకు వచ్చి తన వ్యాసాల సంపుటి ఒకటి చేతిలో పెట్టారు.

"రత్నకుమారి గారూ, మీ పని నాకు తెల్వది, నా పని మీకు తెల్వది. మీరు ఇది చదువుండ్రి. నేనొచ్చి మీ స్టూడియోల కూసుంట, మీ పని చూస్త."

ఆ వారం రోజూ మధ్యాహ్నం భోజనం తర్వాత ఆ పుస్తకం చదివాను. పండితుల రాతలంటే నాకు భయం. ఇవి అలా లేవు. ఒక వ్యాసంలో ఆవిడ రహమత్‌నగర్‌లో ఉండే ఒక పనిమనిషి వెంట ఒక రోజంతా తిరిగారు. ఆమె ఇంట్లో పిల్లలతో ఒక తీరుగా, మేకమాంసం కొట్టు దగ్గర ఉర్దూ కలిపి మరో తీరుగా, బంజారాహిల్స్ బంగళా గేటు దాటగానే 'అండి' చేర్చి ఇంకో తీరుగా మాట్లాడుతుంది. గంటలో మూడు భాషలు మార్చే ఆ మనిషిని అందరూ 'మాట రానిది' అంటారు. బంగళాలో ఉన్నావిడకు వచ్చింది ఒక్కటే తీరు, ఆవిడను మాత్రం చదువుకున్నది అంటారు. ప్రొఫెసర్ గారు ఎవరినీ తిట్టలేదు. ఎవరు ఎప్పుడు ఏ మాట అన్నారో రాసి, పక్కన పెట్టి, చదివేవాళ్లకు వదిలేశారు. అందుకే ఆ రాత మనసుకు తగిలింది.

ఏడో వ్యాసం సినిమాల గురించి. అందులో ఒక పాత సినిమాలోని పనిమనిషి పాత్రను ఆవిడ వివరంగా పరిశీలించారు. ఆ పాత్ర ప్రతి మాట చివరనా అచ్చును సాగదీస్తుంది. మొదటి గంటలో అది నవ్వు కోసం. తర్వాత ఒక సీన్లో ఆమె తన బిడ్డ జ్వరంతో చనిపోయిందని యజమానురాలికి చెబుతుంది. అప్పుడు కూడా హాలు నవ్వింది. పక్కన కూర్చున్న తన సొంత చెల్లెలు కూడా నవ్విందని ప్రొఫెసర్ గారు రాశారు. ఆ చెల్లెలు ఇంట్లో మాట్లాడేది అదే మాట.

ఆ పేజీ దగ్గర పుస్తకం మూసేశాను. ఆ సినిమాకు డబ్బింగ్ ఇన్‌ఛార్జిని నేనే.

ఆ డబ్బింగ్ రోజు నాకు బాగా గుర్తుంది. గొంతిచ్చినమ్మాయిది కాకినాడ. తెలంగాణ మాట ఆమెకు రాదు, నాకూ రాదు. "చివర ఇంకొంచెం సాగదీయమ్మా, జనం పట్టుకుంటారు" అన్నది నేను. దర్శకుడు అడగలేదు, రచయిత రాయలేదు. అది పూర్తిగా నా ఆలోచన. సినిమా ఆడినప్పుడు ఆ గొంతును అందరూ మెచ్చుకున్నారు, నన్ను కూడా.

ఆ వ్యాసం చదివిన మర్నాడు ప్రొఫెసర్ గారు స్టూడియోకి వచ్చారు. చెప్పకపోయినా జరిగే నష్టం ఏమీ లేదు. తెర మీద నా పేరు పడలేదు, ఆవిడకు తెలిసే దారి లేదు. అయినా రోజూ ఆవిడ పక్కన కూర్చుని పని చేయాలి, దాచుకుని కూర్చోవడం నా వల్ల కాదనిపించింది. ఉన్నది ఉన్నట్టు చెప్పాను.

తిడతారేమో అనుకున్నాను, లేదా పోనీలెండి అంటారేమో అనుకున్నాను. రెండూ జరగలేదు. సంచీలోంచి నోటుపుస్తకం తీశారు.

"మీరు ఆమెకు ఏమని చెప్పిన్రు? ఏ మాట కాడ సాగదియ్యమన్నరు? యాదికున్నంత వరకు చెప్పుండ్రి."

గంట సేపు అడిగారు. రాసుకున్నారు. ఎన్ని టేకులు తీశామో, పెదవుల కదలికకు అక్షరాలు చాలనప్పుడు ఏం చేస్తామో, నవ్వు వచ్చే చోటును ఎలా కనిపెడతామో అన్నీ అడిగారు. చివరికి పెన్ను మూసి అన్నారు: "ఇన్నేండ్లు తెర మీద ఏం వినపడ్డదో నేను రాసిన. అది ఎట్ల తయారైతదో చెప్పేటోళ్లు దొరకలే." తలుపు దాకా వెళ్లి ఆగారు. "ఇది మీరొక్కరు చేసిన పని కాదమ్మా. గట్లని మీరు చెయ్యలేదని గూడ నేననను."

ఆ తీర్పు నాకు న్యాయంగా తోచింది. ఆ రోజు నుంచి ఆవిడ పక్కన కూర్చోవడానికి నాకు ఇబ్బంది కలగలేదు.

రెండో వారంలో వాయిస్ టెస్ట్ పెట్టాం. సీన్లో ఒక చిన్న ముక్కను వేర్వేరు గొంతులతో చెప్పించి, నిర్మాతకు, దర్శకుడికి వినిపించి, ఒకటి ఖాయం చేసుకోవడాన్ని అలా అంటారు. సాక్ష్యం సీనుకు రెండు గొంతులు సిద్ధం చేశాను. ఒకరు పేరున్న డబ్బింగ్ ఆర్టిస్టు, మరొకరు నాటకాలాడే అమ్మాయి. మూడోదిగా, పద్ధతికి విరుద్ధంగా, బాలమణి సొంత పైలట్ ట్రాక్ నుంచి నలభై సెకన్లు కలిపాను. మోత నిండా ఉంది. మోత వెనక ఆమె మాట స్పష్టంగా ఉంది.

నిర్మాతగారు కళ్లు మూసుకుని మూడూ విన్నారు. మొదటిదే బాగుందన్నారు. "మూడోది మొరటుగా ఉందండీ. పైగా కోస్తాలో ఒక్క ముక్క అర్థం కాదు. సినిమా అక్కడ కూడా ఆడాలి కదా" అన్నారు. తర్వాత నా వైపు తిరిగారు. "మీది తెనాలి కదండీ. మీకు అర్థమైందా, చెప్పండి."

ఇన్‌ఛార్జి నిర్మాత మాటకు ఎదురు చెప్పడం ఆనవాయితీ కాదు. అడిగారు కాబట్టి చెప్పాను. మూడోదే నాకు బాగా అర్థమైందని, మొదటి గొంతులో మాట ఉంది గానీ మనిషి లేదని అన్నాను. ఆయన నవ్వి, ముప్పై ఏళ్లుగా హైదరాబాదులో ఉన్నారు కాబట్టి మీకు అలవాటైపోయిందన్నారు.

అప్పుడు ప్రొఫెసర్ గారు కలగజేసుకున్నారు. "మనం మనం వాదులాడుడు ఎందుకు సార్? కోస్తా నుంచి కొత్తగ వచ్చినోళ్లు మీ స్టూడియోలనే ఉన్నరు గద. వాళ్లకు వినిపిద్దం. అర్థమైందా అని అడగొద్దు, అడిగితే అందరు అయిందనే అంటరు. కథ చెప్పుమని అడుగుదం."

నలుగురు దొరికారు. అమలాపురం డ్రైవరు, పాలకొల్లు నుంచి వచ్చి క్యాంటీన్లో వంట చేసే ఆవిడ, ఒంగోలు అకౌంటెంటు, విజయవాడ మేకప్ మనిషి. ఒక్కొక్కరినే పిలిచి మొత్తం సీను పైలట్ ట్రాక్‌తోనే చూపించి, ఏం జరిగిందో చెప్పమన్నాం. నలుగురూ చెప్పారు. గోడ కూలిందనీ, మేస్త్రీ ముందే హెచ్చరించాడనీ, యజమాని వినలేదనీ, శవాన్ని ఇంటికి తేవడానికి బండి కూడా ఇవ్వలేదనీ పూస గుచ్చినట్టు చెప్పారు. తెలియని మాట ఏదైనా ఉందా అని అడిగితే క్యాంటీన్ ఆవిడ కొంచెం మొహమాటపడింది.

"ఆవిడ చెప్పిందంతా తెలిసిందండి. ఆ నల్లకోటాయనే... ప్రతివాది, ప్రతివాది అంటున్నాడు. ప్రతివాదంటే ఎవరండి?"

మిగతా ముగ్గురిలో ఇద్దరు కూడా అదే మాట దగ్గర ఆగారు. నిర్మాతగారు గట్టిగా నవ్వేశారు. మంచి మనిషి, ఓడిపోయానని ఒప్పుకోవడానికి వెనకాడలేదు. "సరేనండీ, ఆ అమ్మాయి చేతే చెప్పించండి. రెండు రోజుల్లో రాకపోతే మాత్రం మొదటి గొంతు పెట్టేద్దాం" అన్నారు.

బాలమణి గురువారం ఉదయం పదింటికి వచ్చింది. ఇస్త్రీ చీర కట్టుకుని, పూలు పెట్టుకుని వచ్చింది. అద్దాల గదిలో మైకు ముందు నిలబెట్టి, చెవులకు హెడ్‌ఫోన్లు పెట్టి, తెర మీద సీను వేశాం. ఆమె నోరు తెరవగానే నా చేతిలో కాగితాలు బరువెక్కినట్టయింది. "నేను అక్కడికి వచ్చానండి. చూశానండి" అంటోంది. అచ్చం టీవీ వార్తలు చదివినట్టు ఉంది. మళ్లీ చెప్పించాం. అదే. ఎనిమిది టేకులు అదే.

మా సౌండ్ ఇంజనీరు అన్వర్ భాయి పాతబస్తీ మనిషి. మైకు ఆపి నా వైపు తిరిగాడు. "మేడం, పైలట్‌ల ఉన్నామె ఈమెనేనా? నాకైతే పరేషాన్ అయితుంది."

బయటకు పిలిచి, నీళ్లు ఇచ్చి, ఏమైందని అడిగాను. తల దించుకుంది.

"షూటింగ్‌ల మైకు కనపడలే మేడం. ఏడుపొచ్చింది, మాట్లాడిన. గీడ మొఖం ముందటనే ఉన్నది. మైకు కాడ మంచిగ మాట్లాడాలె గద."

"మంచిగ అంటే ఎలా?"

"మీ తీరు" అంది.

పన్నెండేళ్లుగా సెట్ల మీద మా వంటి వాళ్ల మాటలు విని ఆమె నేర్చుకున్నది అది. దాన్ని ఆమె దగ్గర నుంచి ఎలా తీసేయాలో నాకు తెలిసిన విద్యలో లేదు. మధ్యాహ్నం దాకా ప్రయత్నించాం. భయపెట్టకుండా చెప్పాం, పైలట్ ట్రాక్ వినిపించాం, సొంత గొంతు వింటే ఇంకా సిగ్గుపడింది. భోజనాల వేళకు ఆమె మొహంలో కళ పోయింది. "నాతోని కాదు మేడం, వేరేటోళ్లతోని చెప్పియ్యుండ్రి" అంది. శ్రీకర్ ఫోను పట్టుకుని వరండాలోకి వెళ్లాడు. మొదటి ఆర్టిస్టును పిలవడానికేనని నాకు తెలుసు.

ప్రొఫెసర్ గారు అంతవరకూ మూల కుర్చీలో కూర్చుని ఉన్నారు. అప్పుడు లేచి, కుర్చీ తీసుకెళ్లి బాలమణి పక్కన వేసుకున్నారు. తను రాసిన డైలాగు కాగితం ఆమె ఒళ్లో పెట్టారు. స్క్రిప్టులో తెలంగాణ మాట మధ్య అక్కడక్కడా పుస్తకాల భాష కలిసిపోయిన సాక్ష్యాన్ని సరిచేసి తిరగరాసింది ఆవిడే.

"బిడ్డా, నువ్వు చెప్పకున్నా మంచిదే. నాకొక సాయం చెయ్యి. నేను రాసిన దాంట్ల తప్పులుంటే చెప్పు."

"మీరు రాసిన దాంట్ల తప్పులుంటయా అమ్మా?"

"ఎందుకుండవు? సదువు."

బాలమణి వేలు పెట్టి చదువుకుంటూ పోయింది. మూడో వాక్యం దగ్గర ఆగింది. చనిపోయిన వ్యక్తి మీకు ఏమవుతారని లాయరు అడిగితే, షూటింగులో ఆమె స్క్రిప్టులో ఉన్నట్టే 'నా భర్త' అని చెప్పింది. దాన్ని ప్రొఫెసర్ గారు 'నా పెనిమిటి' అని మార్చారు.

"మా దిక్కు గిట్లనరమ్మా. పెనిమిటని పాటలల్ల అంటరు, ముసలోళ్లంటరు. మేము మా పిల్లల నాయిన అంటం."

"మంచిగ చెప్పినవ్. ఇంకేమున్నయి?"

"గీడ లాయరు పేరేందని అడుగుతడు. ఈమె టక్కున మల్లేశం అంటది. గట్లెట్ల అంటదమ్మా? మొగని పేరు నోట్లె నుంచి వస్తదా? మా అవ్వ రేషన్ కార్డు రాసేటోని కాడ గూడ చెప్పకపోయేది, పక్కామెతోని చెప్పిచ్చేది. ఈమె కోర్టుల అంతమంది ముందట నిలవడ్డది. చచ్చిపోయినంక మొదటిసారి ఆయన పేరు పలుకుడు. జర ఆగదా?"

ఆమె గొంతు లేచింది. చేతులు కదులుతున్నాయి. పొద్దుటి నుంచి మేము వెతుకుతున్న గొంతు అదే. అన్వర్ భాయి అద్దం అవతల కుర్చీలో నిటారుగా కూర్చున్నాడు.

ప్రొఫెసర్ గారు పెన్ను తీసి, తను రాసిన 'పెనిమిటి'ని అందరి ముందూ అడ్డంగా కొట్టేశారు. పైన 'పిల్లల నాయిన' అని రాశారు. బాలమణి ఊరు, వాళ్ల అవ్వ పేరు అడిగి నోటుపుస్తకంలో ఎక్కించుకున్నారు. వరండాలోంచి వచ్చి తలుపు దగ్గర నిలబడిన శ్రీకర్‌తో అన్నారు:

"నాది నల్గొండ దిక్కు సార్. మా అవ్వ పెనిమిటి అనేది. ఆ మాట తెచ్చి సిద్దిపేట మనిషి నోట్లె పెట్టిన. జడ్జిది ఏ ఊరని మిమ్ములను అడిగిన గని, ఈమెది ఏ ఊరని నేను అడగలే."

నలభై ఏళ్లు భాష గురించి రాసిన మనిషి, ఆనాటి వరకు తెర మీద మాటే లేని జూనియర్ ఆర్టిస్టు ముందు ఆ మాట అన్నారు. చిన్నబోయినట్టు లేదు. కొత్త సంగతి దొరికినందుకు ముఖం వెలిగిపోతోంది. నా ఉద్యోగంలో చాలామంది గొప్పవాళ్లను చూశాను. తన తప్పు దొరికినప్పుడు అంత సంతోషపడిన వాళ్లను మరొకరిని చూడలేదు.

ఇక పని నాది. కొత్త మాట పెదవులకు అతకాలి. ప, బ, మ వంటి అక్షరాలకు పెదవులు కలుస్తాయి. తెర మీద కలిసిన చోట కలిసే అక్షరమే పడాలి, లేకపోతే చూసేవాళ్లకు తేడా తెలిసిపోతుంది. 'నా భర్త'లో 'నా' తర్వాత పెదవులు కలుస్తాయి, 'నా పిల్లల నాయిన'లోనూ అంతే. కానీ 'భర్త' రెండక్షరాలు, ఇది ఆరు. షాటును ముందుకూ వెనక్కూ తిప్పి చూశాను. 'భర్త' అన్న వెంటనే ఎడిటరు లాయరు ముఖానికి కట్ చేశాడు. మిగిలిన అక్షరాలు లాయరు ముఖం మీద పడితే ఎవరికీ అడ్డు లేదు. పేరు అడిగిన తర్వాత జడ్జి ముఖం కాసేపు ఉంది, ఆపైన బాలమణి వీపు వైపు నుంచి తీసిన షాటు. మనిషి ముఖం కనపడనంత సేపూ మాట మార్చే స్వేచ్ఛ మాకు ఉంటుంది. ఆ ఆగడానికి అక్కడ సరిపోయినంత చోటు ఉంది.

బాలమణిని మళ్లీ మైకు దగ్గరకు పంపాం. ప్రొఫెసర్ గారు మైకు అవతల, బాలమణికి ఎదురుగా కుర్చీ వేసుకుని కూర్చున్నారు. డబ్బింగ్ గదిలో అలా కూర్చోనివ్వం, కుర్చీ కిర్రుమంటే టేకు పాడవుతుంది. ఆ రోజు కూర్చోనిచ్చాను. "నాకు చెప్పు బిడ్డా, మైకుకు గాదు" అన్నారు ఆవిడ.

లాయరు పేరు అడిగాడు. బాలమణి చెప్పలేదు. ఊపిరి పీల్చుకుంది. "నా పిల్లల నాయిన" అని మళ్లీ అంది. ఇంకొంచెం ఆగింది. తర్వాత చాలా మెల్లగా, ఎవరి వస్తువునో అడగకుండా తీసుకున్నట్టు, "మల్లేశం" అంది.

రెండో టేకు ఎవరం అడగలేదు. శ్రీకర్ నాతో పని చేసిన ఆ రెండు వారాల్లో ఎప్పుడూ సినిమా ఆఫీసు తెలుగే మాట్లాడాడు. అప్పుడు మాత్రం జనగామ మాట వచ్చింది. "గిదే కావాలె నాకు. షూటింగ్‌ల ఎందుకు అడగలేదో నాకే తెల్వది" అన్నాడు. మిగతా సీను ఆ సాయంత్రం, మర్నాడు ఉదయం కలిపి ముగించాం.

ప్రొఫెసర్ గారు అడిగినవన్నీ జరగలేదని కూడా చెప్పాలి. జడ్జి, డాక్టరు ఏ ఊరూ లేకుండానే మిగిలారు. తాగుబోతు పాత్రకు ఇచ్చిన మాట మార్చాలని ఆవిడ గట్టిగా పట్టుబట్టారు. నవ్వు పోతుందని నిర్మాత ఒప్పుకోలేదు. టైటిల్స్‌లో తన పేరు పక్కన 'సాక్ష్యం సీనుకు మాత్రమే' అని వేయమని ఆవిడ అడిగారు. అలాగే వేశారు. దాని కింది వరసలో బాలమణి పేరు, నటిగానూ గొంతుగానూ పడింది.

సినిమా మధ్యస్థంగా ఆడింది. తెనాలిలో మా చెల్లెలు చూసి ఫోన్ చేసింది. "మొగుడి పేరు చెప్పలేక ఆగింది చూడక్కా, అచ్చం మన పెద్దమ్మే. ఆవిడ ఆసుపత్రిలో కూడా పెదనాన్న పేరు చెప్పలేదు, గుర్తుందా?" అంది. మాట అర్థమైందా అని నేను అడగలేదు. అడగవలసిన అవసరం కనపడలేదు. బాలమణికి ఆ తర్వాత మాటలున్న వేషాలు కొన్ని వచ్చాయి, అన్నిటికీ సొంత గొంతే. ప్రొఫెసర్ గారి సంపుటి తిరిగి అచ్చయినప్పుడు ఏడో వ్యాసానికి కొత్త భాగం చేర్చారు. ఆ పాత గొంతు ఎలా తయారైందో నేను చెప్పిన వివరాలు అందులో ఉన్నాయి. పేరు వేయమంటారా, వద్దా అని ముందే అడిగారు. వేయమన్నాను. పెనిమిటి అన్న మాట గురించి పేజీ అడుగున ఒక అధోజ్ఞాపిక ఉంది, దానికి ఆధారంగా బాలమణి పేరు, ఆమె ఊరు ఇచ్చారు.

నేను ఉన్న మిగతా రెండేళ్లలో వాయిస్ టెస్ట్ కాగితంలో మూడు గళ్లు కొత్తగా చేర్చాను. పాత్రది ఏ ఊరు, ఏ వయసు, ఈ మాట ఎవరితో అంటోంది? ఆ గళ్లను నింపేది రచయిత కాదు, నేను కాదు. వేషం వేసిన వాళ్లనో, ఆ ఊరి వాళ్లనో అడిగి నింపాలి. జడ్జి పాత్రలకు కూడా నింపాలి. కొందరు దర్శకులు నింపారు, చాలామంది ఖాళీగా వదిలేశారు. ఖాళీగా ఉన్నచోట నేను నిర్ణయం తీసుకోవడం మానేసి, అడగడం మొదలుపెట్టాను.

ఈ వృత్తిలోకి వచ్చేవాళ్లకు నేను చెప్పగలిగింది ఇంతే. ఉచ్చారణ సరిచూడటం ఇన్‌ఛార్జి పని అని నాకు నేర్పారు, నేనూ మరికొందరికి నేర్పాను. అది పనిలో సగం మాత్రమే. ఎవరి మాటను ఎవరి కొలతతో సరిచూస్తున్నామో తెలుసుకోవడం మిగతా సగం. ఆ సంగతి మా నియమావళిలో లేదు. రిటైరయ్యే ముందు నేను రాసి పెట్టి వచ్చాను.